రెండో సెంట్రిఫ్యూజ్ ఎందుకు కొనలేదు: అనంతపురం శివార్లలో ఒక స్లడ్జ్ కేసు

అనంతపురం శివార్లలోని ఒక మురుగునీటి శుద్ధి కేంద్రం వారు నాకు అప్పగించిన పని పైకి చాలా సులువైనది. ఉన్న సెంట్రిఫ్యూజ్ (మురుగు బురదను, అంటే స్లడ్జ్‌ను, గిరగిరా తిప్పి నీటిని వేరుచేసే యంత్రం) చాలడం లేదు, రెండోది కొనాలి, దానికి స్పెసిఫికేషన్ రాసి ఇవ్వాలి. కొటేషన్లు అప్పటికే బల్ల మీదికి వచ్చేశాయి. కొనాలా వద్దా అని ఎవరూ అడగలేదు. ఎంత పెద్దది కొనాలి అన్నదొక్కటే ప్రశ్న.

కేంద్రం ఎస్‌బీఆర్ పద్ధతిలో నడుస్తుంది. ఒకే తొట్టెలో గాలి పట్టించడం, బురదను తేర్చడం, పైనీటిని తీసేయడం విడతల వారీగా జరుగుతాయి. బయటికి పోయే నీరు తేటగా ఉంది, పరీక్షల రిపోర్టుల్లో వంక పెట్టడానికి ఏమీ లేదు. కేంద్రాన్ని చూడడానికి వచ్చే పెద్దలు ఆ నీటిని గాజుగ్లాసులో పట్టుకుని ఫొటో దిగి వెళ్లిపోతారు. బురద షెడ్డు వైపు ఎవరూ రారు.

షెడ్డులో కేక్, అంటే యంత్రం నీరు తీసేశాక మిగిలే బురద ముద్ద, పెరుగన్నంలా జారుతోంది. ఘనపదార్థం 13, 14 శాతం మధ్య ఆగిపోయింది. ట్రాక్టరు ట్రాలీలోకి ఎత్తితే వెనక తలుపు సందుల్లోంచి దారి పొడవునా కారుతోంది. దారిలోని ఊరివాళ్లు ఒకసారి ట్రాక్టరును అడ్డగించారు కూడా, వాళ్లను తప్పు పట్టలేం. సెంట్రిఫ్యూజ్ నుంచి వేరుపడే నీరు, అంటే సెంట్రేట్, నల్లగా, నురుగుతో ఉంది. అది మళ్లీ కేంద్రం మొదట్లోకే పోయి మురుగులో కలుస్తుంది.

ఇక్కడ రెండు లెక్కలు చూడాలి. బురదలో ఒక టన్ను పొడి పదార్థం ఉందనుకుందాం. 1 శాతం గాఢత వద్ద అది 100 ఘనమీటర్ల బురద. 14 శాతం కేక్ చేస్తే ఏడు టన్నుల పైచిలుకు. 20 శాతానికి తెస్తే అయిదు టన్నులే. తేడా ఉన్న రెండు టన్నులూ నీళ్లే. ఆ నీళ్లను డీజిలు పోసి ఊళ్ల మీదుగా తిప్పుతున్నారన్నమాట.

రెండో లెక్క ఇంతకంటే ముఖ్యం, దాన్ని వేసి చూసేవారు తక్కువ. సెంట్రిఫ్యూజ్‌లోకి పోయే బురదలో లీటరుకు 10,000 మిల్లీగ్రాముల ఘనపదార్థం ఉండి, సెంట్రేట్‌లో 2,000 కనిపిస్తే, యంత్రం పట్టుకుంటున్నది దాదాపు 81 శాతం. మిగిలిన అయిదో వంతు తిరిగి తొట్టెల్లోకి చేరి, నాలుగు రోజులకు మళ్లీ ఇదే యంత్రం ముందుకు వస్తుంది. పైగా అలా తిరిగి వచ్చేది సన్నటి రేణువులు, ఒకసారి పట్టుబడనివి. సెంట్రేట్‌ను 500కు దించితే పట్టుబడి 95 శాతం దాటుతుంది. యంత్రం ఎక్కువ గంటలు నడుస్తోంది కాబట్టి చాలడం లేదని లాగ్‌బుక్ చూసి తేల్చారు. నిజానికి అది చేసిన పనే మళ్లీ మళ్లీ చేస్తోంది. ఇదే బురదను, రేణువులను గుచ్ఛాలుగా కట్టే ఇదే పాలిమర్ ద్రావణాన్ని రెండో యంత్రానికీ పెడితే రెండు చోట్ల తడి కేక్ వస్తుంది.

అందుకని స్పెసిఫికేషన్ పక్కన పెట్టి, యంత్రానికి ముందు ఏం జరుగుతోందో చూద్దామన్నాను.

సంప్‌లో మురిగిపోతున్న బురద

గాలి తొట్టెలో ఆరోగ్యంగా ఉన్న బురదకు తడిమట్టి వాసన, గోధుమ రంగు ఉంటాయి. ఇక్కడ తొట్టెలో అలాగే ఉంది. పక్కనే ఉన్న స్లడ్జ్ సంప్ (బురద నిలవ చేసే గుంట) మూత తీస్తే మాత్రం కుళ్లిన గుడ్ల వాసన, తారు లాంటి నలుపు. రెండింటికీ మధ్య ఉన్నది ఒక పంపు, కొన్ని రోజుల కాలం.

మిగులు బురదను రోజూ తీసే అలవాటు అక్కడ లేదు. బయటికి పోయే నీటిలో బురద తునకలు కనిపించినప్పుడు పంపు వేసి సంప్ నింపేస్తారు, ఆ తర్వాత కొన్నాళ్లు ఆ ఊసే ఉండదు. తొట్టెలో ఎంఎల్ఎస్ఎస్, అంటే లీటరు నీటిలో కలిసి ఉన్న బురద పదార్థం, 6,000 మిల్లీగ్రాములు దాటి నిలబడింది. సెంట్రిఫ్యూజ్ పగటి షిఫ్టులోనే నడుస్తుంది, సెలవు రోజుల్లో ఆగిపోతుంది. సంప్‌లో గాలి లేదు. ప్రాణవాయువు అయిపోయిన బురదలో గుచ్ఛాలను పట్టి ఉంచే జిగురు విచ్ఛిన్నమవుతుంది. రేణువుల మధ్య వంతెనలా పని చేసే ఇనుము రూపం మారి సల్ఫైడ్‌తో కలిసిపోతుంది. ఆ నలుపు ఇనుప సల్ఫైడ్‌దే. గుచ్ఛాలు విడిపోతే సన్నటి రేణువులు పెరుగుతాయి, రేణువుల ఉపరితలం పెరిగిన కొద్దీ పాలిమర్ ఎక్కువ తాగుతాయి. నల్లబురద దగ్గర పాలిమర్ ఖర్చు ఎక్కువ కావడానికి ఇదే కారణం.

ఇంకొక సంగతి నాకు ఆశ్చర్యం కలిగించింది. బురద తీసే పంపును గాలి ఆడుతున్న దశలోనే వేస్తున్నారు. అప్పుడు తొట్టె అంతా కలిసి ఉంటుంది కాబట్టి వచ్చేది పలచటి బురద. అదే తేర్చే దశ ముగిశాక అడుగు నుంచి తీస్తే గాఢత దాదాపు రెట్టింపవుతుంది. గాఢత రెట్టింపైతే ఘనపరిమాణం సగమవుతుంది, సెంట్రిఫ్యూజ్ నడిచే గంటలు ఆ మేరకు తగ్గుతాయి. దీనికి పైసా ఖర్చు లేదు. ప్యానెల్‌లో టైమర్ మార్చడం ఒక్కటే పని.

రోజూ ఎంత తీయాలో తేల్చడానికి బురద వయసు (అది తొట్టెలో సగటున ఉండే రోజులు) లెక్క చాలు. ఉదాహరణకు 5,000 ఘనమీటర్ల తొట్టెలో లీటరుకు 4,000 మిల్లీగ్రాములు ఉంటే మొత్తం 20,000 కిలోల పొడి పదార్థం. దాన్ని 20 రోజుల వయసులో ఉంచాలంటే రోజుకు 1,000 కిలోలు తీయాలి, అంటే 1 శాతం బురద 100 ఘనమీటర్లు. ఈ కేంద్రానికి తగిన అంకెలతో ఇదే పట్టికను షిఫ్టు గదిలో గోడకు అంటించాం. సంప్‌లోకి బ్లోయర్ లైను నుంచి ఒక పెద్ద బుడగల గాలి పైపు దించాం. ఒక రోజుకు మించి బురద అందులో నిలవకూడదని నియమం పెట్టుకున్నాం. బురద రంగు మారిన నాడే సెంట్రేట్ రంగు కూడా మారడం మొదలైంది.

సంప్ సంగతి వదిలే ముందు ఒకటి చెప్పాలి. వెంట్రుకలు, గుడ్డపీలికలు చుట్టుకుని పంపు ఆగినప్పుడు కాంట్రాక్టు కార్మికుడు ఒకరు నడుముకు తాడు కట్టుకుని దిగడానికి సిద్ధమయ్యారు. ఎప్పుడూ ఇలాగే దిగుతామని చెప్పారు. ఆపించాను. హైడ్రోజన్ సల్ఫైడ్ గాలి కంటే బరువైనది, సంప్ అడుగునే పేరుకుంటుంది. పది లక్షలకు వంద పాళ్ల దగ్గర ముక్కు వాసన పట్టడం మానేస్తుంది, వాసన లేదు కాబట్టి ప్రమాదం లేదని మనిషి అనుకుంటాడు. పాకీపని నిషేధానికి 2013లో వచ్చిన చట్టం ఇలా రక్షణ లేకుండా మనిషిని దించడాన్ని నేరంగా చూస్తుంది. పంపును గొలుసుతో పైకి లాగే గైడ్ పట్టాల మీదికి మార్చేదాకా మిగతా పని ముందుకు సాగనివ్వలేదు. ఈ ఒక్క విషయంలో నేను ఎవరితోనూ బేరం ఆడను.

పాలిమర్ గది

బురద నిలకడకు వచ్చాక కేక్ కొంత గట్టిపడింది కానీ 20 దరికి రాలేదు. అప్పుడు పాలిమర్ గదిలోకి వెళ్లాం. అసలు డబ్బు కారిపోతున్నది అక్కడ.

ఆపరేటర్ అనుభవజ్ఞుడు, యంత్రం శబ్దం వింటే ఏ బేరింగు అలిసిందో చెప్పగలడు. పాలిమర్ గురించి మాత్రం ఆయనకు ఎవరూ ఏమీ చెప్పలేదు.

"ఎంత వేసినా చాలడం లేదు సార్. ఇంకో రెండు సంచులు తెప్పించమని చెప్పండి" అన్నాడు.

"ఎలా కలుపుతున్నావో ఒకసారి చూపించు."

తొట్టెలో నీళ్లు సగం నింపి, మగ్గుతో పొడి ముంచి గుమ్మరించాడు. మిక్సర్ వేశాడు. కాసేపటికే డోసింగ్ పంపు స్విచ్ నొక్కబోయాడు. ఆపమని, తొట్టెలోంచి ఒక గడ్డను తీయించాను. నిమ్మగింజంత ఉంది. పైన జిగురు. గోటితో చీలిస్తే లోపల తెల్లటి పొడి, నీటి చుక్క తగలనట్టు పొడిపొడిగా ఉంది. తొట్టె అడుగున అలాంటివి చాలా ఉన్నాయి. కొన్న పాలిమర్‌లో కొంత భాగం పొడిగానే వెళ్లి కేక్‌లో కలిసిపోతోంది.

ఈ పాలిమర్ పాలీఅక్రిలమైడ్ రకం, ధనావేశం ఉన్న పొడవాటి గొలుసు, అణుభారం పదుల లక్షల్లో ఉంటుంది. పొడిలో ఆ గొలుసు చుట్ట చుట్టుకుని ఉంటుంది. నీటిలో మెల్లగా విప్పుకుని చాచుకుంటేనే ఒక గొలుసు ఎన్నో రేణువులను పట్టగలదు. అందుకు ముప్పావు గంట నుంచి గంట దాకా మెల్లని కలయిక కావాలి. వేగంగా తిప్పితే గొలుసు తెగుతుంది, త్వరపడితే విప్పుకోదు. ఇక్కడ రెండూ జరుగుతున్నాయి.

తర్వాతది నీళ్లు. పాలిమర్ కలిపేది ఆవరణలోని బోరు నీటితో. మన జిల్లా బోరు నీళ్ల సంగతి తెలిసిందే: కాఠిన్యం ఎక్కువ, చాలా చోట్ల ఫ్లోరైడ్ కూడా. ఫ్లోరైడ్‌తో ఇక్కడ పేచీ లేదు, కాల్షియం, మెగ్నీషియం, మొత్తం లవణాలతోనే పేచీ. ధనావేశం ఉన్న భాగాలు ఒకదాన్నొకటి నెట్టుకోవడం వల్లే గొలుసు సాగుతుంది. నీటిలో లవణాలు ఎక్కువైతే ఆ నెట్టుడు బలహీనపడుతుంది, గొలుసు సగంలోనే ముడుచుకుంటుంది. క్లోరిన్ కలిపిన శుద్ధజలం, అంటే ఈ కేంద్రంలోనే శుద్ధి అయి బయటికి పోయే నీరు, వాడదామంటే అది గొలుసునే తుంచుతుంది.

చర్చ పెట్టకుండా బీకర్లు తెప్పించాను. ఒకే సంచి పొడితో మూడు ద్రావణాలు చేశాం: బోరు నీటితో ఒకటి, నగర కుళాయి నీటితో ఒకటి, వడపోత అయ్యాక క్లోరిన్ కలపక ముందు పట్టిన శుద్ధజలంతో ఒకటి. అరలీటరు బురదను ఒక మగ్గులో పోసి, సిరంజితో కొంత ద్రావణం వేసి, రెండు మగ్గుల మధ్య పది సార్లు ఇటూ అటూ వంచడం. తర్వాత ఫిల్టరు గుడ్డ మీద పోసి, అర నిమిషంలో ఎన్ని మిల్లీలీటర్లు దిగిందో కొలవడం. మోతాదు కొంచెం కొంచెం పెంచుతూ పోవడం. ఇంతకు మించిన పరికరం అక్కర్లేదు. కుళాయి నీటి ద్రావణంతో కందిగింజంత గుచ్ఛాలు విడివిడిగా కట్టాయి, గుడ్డ కింద నీరు తేటగా దిగింది. శుద్ధజలం ద్రావణం కొద్దిగా మాత్రమే వెనకబడింది. బోరు నీటిదానికి అలాంటి గుచ్ఛం రావడానికి దాదాపు రెట్టింపు మోతాదు పట్టింది.

అదే పరీక్షలో ఇంకొకటి తేలింది. మోతాదు ఒక హద్దు దాటాక గుడ్డ కింద దిగే నీరు తగ్గుతూ వచ్చింది. ఆ నీటిని వేళ్ల మధ్య రుద్దమని ఆపరేటర్‌కు ఇచ్చాను.

"జారుతోంది సార్."

"అది పాలిమరే. పట్టడానికి రేణువు దొరక్క నీళ్లలో వృథాగా పోతోంది."

రేణువులన్నిటి మీదా ధనావేశం పేరుకుంటే అవి మళ్లీ ఒకదాన్నొకటి నెట్టుకుంటాయి. మోతాదు తక్కువైనా, ఎక్కువైనా సెంట్రేట్ చెడుతుంది. చెడింది కదా అని ఇంకా పెంచుకుంటూ పోయేవారు ఈ గుంటలోంచి బయటికి రారు. తేడా తెలుసుకోవడానికి వేళ్ల మధ్య జిగురు, సెంట్రేట్ పైన ఆరని నురుగు చూస్తే చాలు.

లెక్క కూడా ఆయనతోనే వేయించాను. గంటకు 10 ఘనమీటర్ల బురద, 1 శాతం గాఢత అంటే గంటకు 100 కిలోల పొడి పదార్థం. టన్ను పొడి పదార్థానికి 6 కిలోల పాలిమర్ చొప్పున గంటకు 600 గ్రాములు. వెయ్యి లీటర్లకు కిలో చొప్పున కలిపిన ద్రావణమైతే గంటకు 600 లీటర్లు. డోసింగ్ పంపు మీటరు చూస్తే దానికి దగ్గర దగ్గర రెట్టింపు పోతోంది. ఎనిమిది గంటల షిఫ్టుకు కావలసింది అయిదు ఘనమీటర్ల లోపు మంచినీళ్లు, అంతే. ఆ కాసిన్ని కుళాయి నీళ్లూ ఖర్చు చేయనక్కర్లేకుండా, మంచినీటితో చిక్కటి ద్రావణం చేసి, గొలుసులు విప్పుకున్నాక వడపోసిన శుద్ధజలంతో పలచన చేసే పద్ధతి పెట్టాం. విప్పుకునే వేళ మంచినీరుంటే చాలు, తర్వాతి పలచనకు అంత పట్టింపు లేదు. పొడిని నీటి ధారలోకి సన్నగా రాల్చే గరాటు పెట్టాక గడ్డలు పోయాయి. సంచిని తెరిచి ఉంచడం కూడా మాన్పించాం. వానాకాలం తేమకు పొడి గడ్డకట్టి ముందే పాడవుతుంది.

కంపెనీ మార్చాలా అని అడిగారు. నాలుగు రకాల నమూనాలు ఇదే గుడ్డ పరీక్షకు పెట్టి, నచ్చినదాన్ని తీసుకోండి అన్నాను. ధరల పట్టికలో కిలో ఎంతకు వస్తుందన్నది చూడకూడదు, బురదలోని టన్ను పొడి పదార్థానికి ఎంత ఖర్చవుతుందన్నది చూడాలి.

ఇంత అయ్యాక యంత్రం మీద చేసిన పని కొంచెమే. లోపలి స్క్రూకు, బయటి గిన్నెకు మధ్య ఉండే వేగం తేడాను తగ్గిస్తే బురద లోపల ఎక్కువ సేపు ఉంటుంది, కేక్ గట్టిపడుతుంది, టార్క్, అంటే స్క్రూను తిప్పడానికి పట్టే బలం, పెరుగుతుంది. టార్క్ హద్దు చూసుకుంటూ తగ్గించాం, నీటి లోతును నిర్ణయించే వియర్ పలకలు ఒక మెట్టు సర్దాం. కేక్ 19 నుంచి 21 శాతం మధ్య నిలిచింది, సెంట్రేట్‌లోంచి గాజు అడుగు కనిపించసాగింది. పాలిమర్ వాడకం సగానికి దగ్గరగా పడింది. యంత్రం నడిచే గంటలు తగ్గి, మధ్యాహ్నానికే సంప్ ఖాళీ అవుతోంది.

సర్కారు తుమ్మ కింద పడకలు

కేంద్రం కట్టినప్పుడు అత్యవసరానికని ఇసుక ఆరబెట్టు పడకలు కట్టారు. నేను చూసేసరికి వాటిలో సర్కారు తుమ్మ మనిషెత్తు పెరిగింది. ఏడాదికి 550 మిల్లీమీటర్ల దరిదాపుల వాన పడే ఊళ్లో, ఆరుబయట నీరు అంతకు ఎన్నో రెట్లు ఆవిరయ్యే ఊళ్లో, ఎండను వదిలి కరెంటు మీదే ఆధారపడడం నాకు మింగుడుపడలేదు.

తుమ్మ కొట్టించి, వేళ్లు తవ్వించి, కంకర, ఇసుక పొరలు మళ్లీ పోయించాం. ఇసుక మరీ సన్నగా ఉంటే మూసుకుపోతుంది, 0.5 నుంచి 0.75 మిల్లీమీటర్ల రకం జల్లించి తీసుకున్నాం. ఎండిన బురదను పారతో ఎత్తేటప్పుడు ప్రతిసారీ కొంత ఇసుక వెంటపోతుంది కనుక పైన ఇటుకలు సందులుంచి నిలువుగా పేర్చాం. పడకలో బురద 20 నుంచి 30 సెంటీమీటర్లకు మించి పోయకూడదు. ఎక్కువ పోస్తే పని త్వరగా అవుతుందనే ఆశ అందరికీ ఉంటుంది. పైన పెచ్చు కట్టి లోపల పచ్చిగా మిగులుతుంది, అంతకు మించి లాభం లేదు. పలచగా పోస్తే వేసవిలో పెచ్చులు చిట్లి, పగుళ్లు అడుగు దాకా దిగి, రెండు వారాల్లోపే పారకు లేస్తుంది.

సెంట్రిఫ్యూజ్ మరమ్మతుకు ఆగిన రోజుల్లో ద్రవ బురదను నేరుగా ఇక్కడికి మళ్లిస్తున్నారు. ఎండాకాలంలో కేక్‌ను పలచగా పరిచి ఇంకా ఆరబెడుతున్నారు. జిల్లాకు వాన ఎక్కువగా పడే సెప్టెంబరు, అక్టోబరుల్లో పడకలను నమ్ముకోకూడదు, ఆ రెండు నెలలు యంత్రానిదే భారం. అందుకే మరమ్మతులన్నీ మే లోపు ముగించాలని క్యాలెండరులో గీత పెట్టాం.

ఎవరి పొలానికి, ఏ పంటకు

కేక్ గట్టిపడ్డాక అడిగేవారు పెరిగారు. పక్క ఊరి చీనీ (బత్తాయి) తోట రైతు ఒకాయన ముందుగా వచ్చాడు.

"మా ఎర్రనేలలో పెంట ఎంత వేసినా తాగేస్తుంది సార్. ఇది మాకు తోలండి, బాడుగ మేమే పెట్టుకుంటాం."

ఆయన వెనకే వేరుశనగ వేసే రైతులు వచ్చారు. అనంతపురంలో ఎరువు అంటే ముందు వేరుశనగే గుర్తొస్తుంది, సహజమే. కాని బురద సంగతిలో ఈ రెండు పంటలకూ ఆకాశానికీ భూమికీ ఉన్నంత తేడా ఉంది. వేరుశనగ కాయ మట్టిలోనే ఊరుతుంది. ఆరబెట్టినంత మాత్రాన ఏలికపాముల గుడ్లు చావవు. అవి నేలలో నెలల తరబడి, అనుకూలిస్తే ఏళ్ల తరబడి బతికి ఉంటాయి. అమెరికా పర్యావరణ సంస్థ 1993లో తెచ్చిన బురద నియమాల్లో ఈ తేడాకు అంకెలున్నాయి. పూర్తిగా క్రిమిరహితం కాని బురద వేస్తే, నేలను తాకని పంటకు కోతకు ముందు 30 రోజుల విరామం. తినే భాగం నేల మీద బురదను తాకేలా ఉంటే 14 నెలలు. తినే భాగం నేలలోపల ఉంటే 20 నెలలు, బురదను నాలుగు నెలల్లోపే దున్ని మట్టిలో కలిపేస్తే 38 నెలలు. ఏటా ఖరీఫ్‌లో వేరుశనగ వేసే పొలానికి అంత ఎడం ఎక్కడి నుంచి వస్తుంది?

అందుకని మిగులును కంపోస్టుగా మార్చే పని మొదలుపెట్టించాం. కేక్‌లో నత్రజని ఎక్కువ, గాలి సందులు తక్కువ. కలపడానికి వేరుశనగ పొట్టు, కూరగాయల మార్కెట్ చెత్త. పొట్టు ఇక్కడ చవకగా దొరుకుతుందనుకుంటే పొరపాటు, బాయిలర్ల వారు పోటీకి వస్తారు. కోతల కాలంలోనే ఏడాదికి సరిపడా కొని పెట్టుకోవాలి. వరుసగా పోసిన కుప్పల్లో వేడి 55 డిగ్రీల పైన 15 రోజులు నిలవాలి, ఆలోగా అయిదు సార్లు తిరగేయాలి. అంచులు చల్లగా ఉంటాయి కాబట్టి తిరగేయడం లాంఛనం కాదు. పొడవైన థర్మామీటరును కుప్ప మధ్యలోకి గుచ్చి రోజూ రాస్తున్నారు. నేను వెళ్లినప్పుడు పుస్తకం చూడను, థర్మామీటరు మీద దుమ్ముందా అని చూస్తాను.

మన దేశంలో కంపోస్టుగా అమ్మాలంటే 1985 ఎరువుల నియంత్రణ ఉత్తర్వులోని హద్దులు పాటించాలి: పొడి కిలోకు కాడ్మియం 5 మిల్లీగ్రాములు, సీసం 100, క్రోమియం 50, నికెల్ 50, రాగి 300, జింకు 1,000, ఆర్సెనిక్ 10, పాదరసం 0.15. ఇళ్ల మురుగే వచ్చే కేంద్రంలో ఇవి సాధారణంగా అదుపులోనే ఉంటాయి కానీ, ఒక ఎలక్ట్రోప్లేటింగ్ షెడ్డు రాత్రిపూట కాలువలోకి వదిలితే క్రోమియం, నికెల్ అంకెలు ఒక్కసారిగా తల ఎత్తుతాయి. అందుకని ఒక లాటు మొత్తానికి ఒకే పరీక్ష సరిపోదని, ప్రతి కుప్ప నుంచీ నమూనా తీసి కలిపి పంపాలని పట్టుబట్టాను. ఏలికపాముల గుడ్లకు ప్రపంచ ఆరోగ్య సంస్థ 2006లో పెట్టిన హద్దు గ్రాము పొడి పదార్థానికి ఒకటి. ఆ పరీక్ష ఏ ప్రయోగశాలలో పడితే అక్కడ చేయరు, ముందే మాట్లాడుకుని పెట్టుకోవాలి.

మొదటి కుప్పలు రోడ్డు పక్క మొక్కలకు, నర్సరీలకు పోయాయి. పరీక్షలు రెండు విడతలు సరిగా వచ్చాకే చీనీ తోటకు లోడు కదిలింది, అదీ కాయ కోత అయిపోయిన తర్వాత, చెట్టు పాదుల్లో మట్టితో కలిపే షరతు మీద. వేరుశనగ రైతులు ఇంకా అడుగుతూనే ఉన్నారు. ఎవరు ఎన్నిసార్లు అడిగినా జవాబు మారకూడదని గేట్‌పాస్‌లో పంట పేరుకు ఒక గడి పెట్టించాం. సర్వే నంబరుతో పాటు అది నిండకపోతే, లేదా అక్కడ వేరుశనగ, ఉల్లి, క్యారెట్ అని ఉంటే కాటా చీటీ రాయరు.